పరదా వెనక టచ్‌డౌన్

ఎవరు, లీలాకుమారా? ఆ ఫొటో ఆమెదే బిడ్డా. నువ్వు కిరాయికి దిగిన ఈ రూంలనే ఉండె. అప్పటికి నలభై రెండేండ్లు. పొద్దున లేస్తే ఉప్పునీళ్లు పుక్కిలించేది, కృష్ణానగర్‌ల మా గల్లీ సగం ఆ చప్పుడుకే లేచేది. గుడివాడ మనిషి. నీ తీరుగనే డబ్బింగ్ పని. ముంబై హీరోయిన్లు పెదాలు ఆడిస్తే ఈమె తెలుగు మాట్లాడేది. కూసో భువనా, చాయ్ తాగు.

గప్పుడే ఫిల్మ్‌నగర్ల సూర్యప్రకాశరావు అనేటాయన టీవీ ఛానల్ పెట్టిండు. క్రికెట్ కొనే తాకత్ లేక అమెరికా ఫుట్‌బాల్ పట్టుకొచ్చిండు. పేరుకే ఫుట్‌బాల్, కాలుతోటి తన్నేది ఎప్పుడో ఒకసారి. కొబ్బరికాయ అసుంటి బంతిని చంకల పెట్టుకొని ఒకడు ఉరుకుతడు, మిగిలినోళ్లంత మీద పడతరు. దాన్ని తెలుగుల చెప్పే పని లీలాకుమారికి ఇచ్చిండు. ఆమె క్యాసెట్లు ముందటేసుకొని ఆట మొత్తం నేర్చుకుంది. "పెళ్లివారింట్లో ఆవకాయ జాడీ ఎత్తుకుపోతున్నాడండీ, పట్టుకోండి" అనేది. కబడ్డీ తప్ప ఏదీ చూడని మా ఆయన భిక్షం సుత, బంతి ఆఖరి గీత దాటంగనే టచ్‌డౌన్ అని లేచి చాయ్ ఒలకబోసుకునేటోడు.

కానీ టీవీల కనబడేది ముంబై పిల్ల. తెలుగు రాదు గదా, హిందీల అంకెలు లెక్కబెట్టుకుంట పెదాలు ఆడిచ్చేది. రికార్డ్ చేసినంక దానిమీద ఈమె గొంతు ఏసేటోళ్లు. లీల ఒక్కటే అడిగింది, చివర్ల నా పేరు వేయండని. సూర్యప్రకాశరావు ఏమన్నడు? "మీ గొంతు బంగారమండీ లీలగారూ. పేరేస్తే మొహం అడుగుతారు, మొహం చూపిస్తే ఛానల్ మారుస్తారు." ఆయన మొఖం ఎట్లుంటదనుకున్నవ్? ఉడికిన వంకాయ తీరుగ. గాయనకు మాత్రం ఆఫీసు నిండ సొంత ఫొటోలే.

ఒకనాడు ఆట లైవ్ అన్నరు. పిల్ల ముందట, లీల పరదా వెనక మైకు పట్టుకొని. ఇంటిల్లిపాదీ చూస్తున్నం. నడుమ పిల్లకు దూప అయి నీళ్లు ఎత్తింది. నీళ్లు లోపలికి పోతున్నయి, మాటలు బయటికి వస్తున్నయి. మా ఆయనకు నవ్వి నవ్వి పొలమారింది. సూర్యప్రకాశరావు పరదా వెనక్కి ఉరికిండంట. "ఆమె తాగేటప్పుడు మీరు ఆగాలి కదండీ."

"అలాగేనండీ, ఆగుతాను" అని లీల మైకు కిందపెట్టి చేతులు కట్టుకుంది.

టీవీల మాట లేదు. ఇగ ఎవడో పిల్ల మైకు పెంచిండు. అక్కడ బంతి పట్టుకొని ఒకడు ఉరుకుతుంటే, ఇక్కడ "గ్యారా, బారా, తేరా." పాపం, దాని తప్పేముంది? దాన్ని చేయమన్నదే అది. పిల్ల లేచి పరదా గుంజేసింది. ఎనక మా లీల, నేత చీర, మందం కండ్లద్దాలు, పక్కన ఉప్పునీళ్ల సీసా. ఆ పిల్లే లీల చెయ్యిపట్టి తెచ్చి తన కుర్చీల కూసోబెట్టింది. "నా పేరు లీలాకుమారి అండీ. జాడీ ఇంకా దొరకలేదు" అని లీల ఆట అందుకుంది. ఒక్కలు ఛానల్ మార్చలే.

మరుసటి వారానికి సూర్యప్రకాశరావు ఇంకా మందం పరదా తెప్పిచ్చిండు. లీల పోలే. వేరే ఛానల్ల సొంత మొఖంతోటి, సొంత పేరుతోటి, చచ్చిపోయేదాకా ఆటలు చెప్పింది.