చూసేవాళ్లు లేని గది

ఉదయం పదకొండు గంటలకు బూట్ల ఫ్యాక్టరీలో, అడుగు సోళ్లు జిగురుతో అతికించే వరసలో ముగ్గురు ఆడవాళ్లు పడిపోయారు. మధ్యాహ్నం ఒంటిగంటకి వాళ్లలో ఒకమ్మాయి వదిన కంపెనీ డాక్టరు గదిలో నిలబడి ఉంది. ఆమె పనిచేసేదీ అదే వరసలో.

“హిస్టీరియా అంటే ఏంటండీ? నాకర్థమయ్యేట్టు చెప్పండి.”

“ఒంట్లో జబ్బేం లేదమ్మా. మనసులోది ఒంటిమీదికొస్తుంది. ఆడవాళ్లకే ఎక్కువ.”

“మనసులోది వాంతిలో వస్తుందాండీ? మా ఆడపడుచు పిచ్చుక పొద్దున్నుంచీ కక్కుతూనే ఉంది.”

“ఏం తిందో.”

“నేను తిన్నదే. ఒకటే గిన్నె మాకు.”

“పెళ్లయిందా?”

“లేదండి.”

“అదీ సంగతి. చేసెయ్యండి, సర్దుకుంటుంది.”

“నాకయిందిగా! ఇద్దరు పిల్లలు. మొన్న నేనూ పడ్డాను.”

“చూశావా? నిన్ను చూసి ఆ పిల్ల, ఆ పిల్లని చూసి పక్కావిడ. పూర్వం గర్భసంచి ఒళ్లంతా తిరుగుతుందనుకునేవాళ్లు. వాసనలు చూపించి దాన్ని కిందికి దించేవాళ్లట. మేం అంత మూర్ఖులం కాదులే.”

“వాసనంటే గుర్తొచ్చింది డాక్టరుగారూ. ఆ జిగురు సొల్యూషన్ వాసనకే తల తిరుగుతోంది. కొత్త డబ్బాలొచ్చినప్పట్నించీ ఇంతే. కిటికీ తియ్యమంటే, అంటించినచోట దుమ్ము పడుతుందని తియ్యనివ్వరు.”

“వాసన వల్లయితే మగవాళ్లు పడరా?”

“మగవాళ్లుండేది తోలు కోసే షెడ్డులో కదండీ. అక్కడ సొల్యూషన్ ఏది?”

“నాకు వైద్యం నేర్పుతున్నావా?”

“అయ్యో, నేనెంతదాన్ని? పిచ్చుకని ఇంటికి తీసుకుపోతాను, పంపించండి చాలు. మిగతా ఇద్దరూ వరండాలో ఉన్నారు. తనే కనపడట్లేదు.”

“విశ్రాంతిగా ఉంది.”

“ఎక్కడండీ?”

“విడిగా ఉంచమన్నాను. చుట్టూ జనం చేరితే ఇంకా ఎక్కువవుతుంది. చూసేవాళ్లు లేకపోతే దానంతటదే తగ్గుతుంది. ఇలాంటివి ఎన్ని చూశాను!”

“విడిగా అంటే ఏ గదిలో?”

“సూపర్‌వైజర్ చూశాడులే. ఖాళీగా ఉన్నదేదో.”

“ఖాళీ గదా? ఇక్కడ అన్నం తినడానికే చోటు లేక మెట్లకింద కూర్చుంటాం. ఏ గదండీ?”

“అరవకు. ఇదిగో, నీకూ మొదలవుతోంది.”

“కాళ్లు పట్టుకుంటాను డాక్టరుగారూ. ఏ గది?”

“స్టోరు. తలుపేసి ఉంచమన్నాను. సాయంత్రం తీస్తారు.”

“సొల్యూషన్ డబ్బాల స్టోరా? సగం డబ్బాలకి మూతలుండవు. దానికి కిటికీయే లేదు!”

“కూర్చోమ్మా. కూర్చోమంటున్నానా?”

“తాళంచెవి ఎవరి దగ్గరుందండీ? తాళంచెవి...”

“సార్! సార్!”

“ఏంటయ్యా సూపర్‌వైజరూ, తలుపు తట్టి రాలేవా?”

“డబ్బా కావాలంటే స్టోరు తీశాను సార్. ఆ అమ్మాయి...”

“మళ్లీ పడిందా? ఎవరున్నారు అక్కడ? ఎవర్ని చూసి పడింది?”

“ఎవరూ లేరు సార్. తలుపుకి ఆనుకుని పడుంది. ఊపిరి లేదు.”