సాంబన్న కేకకు దద్దరిల్లిన జర్మనీ

నాచారంల మందు గోలీల కంపెనీ గేటు ముంగట, రాణక్క చాయ్ బండి కాడ సాంబయ్య నోరు తెరిసిండంటే షిఫ్టు సైరన్ మోగేదాంక మూయడు. పక్కన కూసున్న దయాకర్ పానమంతా జేబుల ఉన్న మెమో మీదనే ఉన్నది. దిష్టి తగలొద్దని శనివారం జర్మనీ మిషిన్‌కు నిమ్మకాయ, మిరపకాయలు కట్టింది సాంబయ్య. అవి సెన్సార్‌కు అడ్డమొచ్చి మిషిన్ ఆగింది. అప్పుడు డ్యూటీల ఉన్నడని మెమో వచ్చింది మాత్రం దయాకర్‌కు. ఇయ్యాల షిఫ్టు ఎక్కేలోపట జవాబియ్యకుంటే కొలువు పోతది. తప్పు ఒప్పుకొమ్మని పెద్దమనిషిని ఎట్ల అడగాలె?

"మిషిన్ బిగించనీకి వచ్చిన జర్మనీ ఇంజనీరు, వాళ్ల పాత టీవీ నాటకం లాప్‌టాప్‌ల పెట్టిండు. పదమూడు భాగాలు లేవకుంట సూసిన," అన్నడు సాంబయ్య.

"జర్మన్ నీకెట్ల సమజైందన్నా?" అదే షిఫ్టుల పనిజేసే జీవన్ అడిగిండు.

"మొదటి భాగంల నేర్సుకున్న, రెండో భాగంల వాళ్ల తప్పులు దిద్దిన! అండ్ల ఒక మిల్లు మేనేజరు. తప్పు వానిది, నింద కింద పనోని మీద. నిజం జెప్తే కుర్సీ పోతది, పెద్దింటి పిల్లతోని లగ్గం పోతది, సలాం కొట్టెటోడుండడు. సప్పుడు జేస్తలేడు దొంగ! ఆ తర్వాత ఏమైందో ఎరుకేనా?"

"ఏమైంది?"

"'సిగ్గు లేదార నీకు?' అని ఉప్పల్ రింగు రోడ్డు దాంక ఇనబడేటట్టు ఒర్రిన. తెరల ఉన్నోడు గజగజ వణికి, నా దిక్కు తిరిగి, తప్పు నాదే అన్నడు! యాభై ఏండ్ల కింద తీసిన నాటకం, నా ఒక్క కేకకు కథ మారింది. జర్మనీ మొత్తం ఏడ్సింది. రైళ్లు ఆగినయ్. నా కాళ్లు మొక్కనీకి బోడుప్పల్‌ల మా ఇంటి ముంగట నాలుగు బస్సుల జర్మనోళ్లు దిగిన్రు!"

"మీ గల్లీల ఆటోనే తిరగదు గదన్నా?" అన్నడు జీవన్.

"గోడలు జరిపిన్రు తియ్! కుర్సీ పోయినా సరే, తప్పు ఒప్పుకున్నోడే మనిషి. ఇజ్జత్ అంటే గదీ!" అని సాంబయ్య దయాకర్ భుజం తట్టిండు.

ఆ దెబ్బకు దయాకర్‌కు ధైర్యమొచ్చింది. మెమో తీసి ఆయన ముంగట పెట్టిండు. "అయితే అన్నా, నిమ్మకాయలు కట్టింది నువ్వేనని దీని మీద రాయి."

సాంబయ్యకు చాయ్ పొలమారింది. "అది జర్మనోళ్ల కథరా... నా కండ్లద్దాలు గూడ ఇంటికాడ మర్సిన."

రాణక్క గ్లాసులు కడుక్కుంటనే అన్నది: "ఒక్క భాగంల జర్మన్ నేర్సినోనివి, తెలుగుల ఒక్క ముక్క రాయనీకి అద్దాలెందుకన్నా?"

సైరన్‌కు ఇంక పది నిమిషాలున్నయ్. సాంబయ్య నోరు మూసుకొని పెన్ను అందుకున్నడు.