ఆ పేరు అదే తెచ్చుకుంది

ఇగ్బో-ఓరా ఊళ్ళో, పసిపిల్ల పుట్టిన ఎనిమిదో రోజు పొద్దున, పేరు పెట్టే వేళ. పందిట్లో పాస్టరుగారూ చుట్టాలూ కాచుకుని ఉన్నారు. లోపల బాలింత రోమొకె పిల్లని ఒళ్ళో వేసుకుని తలుపు గడియ పెట్టుకుంది. గడప ఇవతల అత్తగారు.

"ఇంకా ఎంతసేపే? తలుపు తియ్యి రోమొకే. జొలోఫ్ అన్నం చల్లారిపోతోంది. పాస్టరుగారు రెండుసార్లు గొంతు సవరించుకున్నారు."

"పేరు మారుస్తానంటే తీస్తా అత్తయ్యా."

"ఆయోమిదే అనుకున్నాం కదా. 'నా సంతోషం వచ్చింది' అని. దానికేం రోగం?"

"సంతోషం ఇప్పుడొచ్చిందంటే, ముందొచ్చిన ఇద్దరూ ఏంటి? ఏడుపా?"

"మళ్ళీ అదే! శుభమా అని పేరు పెట్టుకునే పూట... ఒరేయ్ లెకాన్! ఇలా రా. నీ పెళ్ళానికి నువ్వే చెప్పుకో."

"ఏంటి రోమొకే ఇది? అందరూ చూస్తున్నారు."

"చూడనీ."

"తొలి సంతానం కదా, దానికి తగ్గట్టు ప్రార్థన చేస్తానన్నారు పాస్టరుగారు..."

"తొలి సంతానమా? నువ్వు కూడానా లెకాన్? ఆ ఇద్దర్నీ ముందు ఎత్తుకున్నదెవరు?"

"నేనే. ఇప్పుడదంతా ఎందుకు?"

"ఏ చేతిలో ఎవరు?"

"ఎడం చేతిలో తైవో. కుడి చేతిలో... ఊరుకో రోమొకే. నీకు దణ్ణం పెడతా, ఊరుకో."

"వాణ్ణెందుకే ఏడిపిస్తావ్? ఆ పిల్లలకి ఎనిమిదో రోజే రాలేదు. ఐదో రోజుకే పోయారు. పేరు పెట్టకుండా పోయినవాళ్ళు లెక్కలోకి రారన్నారు పాస్టరుగారు."

"కవలలకి ఒకళ్ళు పెట్టేదేంటత్తయ్యా పేరు! సందుకో కవల జంట తిరిగే ఊళ్ళో పుట్టారు మీరు, మీకు నేను చెప్పాలా? లోకం రుచి చూసి రారా అని పంపిస్తే ముందు పరిగెత్తుకొచ్చినవాడు తైవో. వెనకాల తీరిగ్గా వచ్చిన పెద్దమనిషి కెహిందే. వాళ్ళ పేర్లు వాళ్ళే తెచ్చుకున్నారు. కవలల తర్వాత పుట్టింది కాబట్టి ఇదీ తెచ్చుకుంది. ఇదోవు. రేపు దీని తర్వాత ఇంకొకటి పుడితే అలాబా. ఆపమనండి మీ పాస్టరుగారిని!"

"ఆ పేరెత్తకు."

"ఏ పేరు? ఇదోవా, అలాబానా?"

"ఏదీ ఎత్తకు! తలుపు తియ్యమంటే ఊళ్ళో పేర్లన్నీ చదువుతావేంటి? అయినా ఇదోవులంటే మొండిఘటాలని తెలీదూ? ఆడపిల్లకి ఆ మొండితనం ఎందుకే?"

"మొండిదే కానివ్వండి. మొండిగా ఇక్కడే ఉండిపోతుంది."

"అమ్మా, పోనీ రెండు పేర్లూ పెడితే? బయట ఆయోమిదే అని పిలుచుకుని, ఇంట్లో మాత్రం..."

"లెకాన్, నువ్వు నోరు మూసుకో. ఇంట్లో గుసగుసలాడటానికా పేరు? నేను వీధి చివరినించి కేకేస్తే దానికి వినపడాలి. ఆ పేరుతోనే అది పరిగెత్తుకు రావాలి."

"నీ గొంతు సంగతి నాకు తెలుసులే. నా మాట కూడా విను. ఇదోవు అంటే జనం ఊరుకోరే. బడిలో అడుగుతారు, బజార్లో అడుగుతారు, నీళ్ళ పంపు దగ్గర అడుగుతారు. 'ఇదోవువా? నీ పైన కవలలేరీ?' అని. పసిదాని నోటితో 'చచ్చిపోయారండీ' అనిపిస్తావా? రోజూ? పెళ్ళయ్యేదాకా?"

"అలా ఎందుకంటుంది? 'నాకంటే ముందు ఇద్దరొచ్చారు. నేను ఉండిపోయాను' అంటుంది. నేను నేర్పిస్తా."

"అనలేదే తల్లీ. నోరు పెగలదు."

"మీకెలా తెలుసు?"

"తెలుసు."

"అదే, ఎలా తెలుసని?"

"తెలుసన్నానా! ఏంటి ఆ ఆరాలు?"

"సరే, మీకన్నీ తెలుసు. అయితే ఇదీ తెలుసుకోండి అత్తయ్యా. పోయిన కవలలకి పాతకాలం పద్ధతిలో చెక్కబొమ్మలు చెక్కించుకుంటానంటే చర్చివాళ్ళు ఒప్పుకోరన్నారు. నోరు మూసుకున్నా. ఒక్క ఫొటో లేదు. కట్టిన గుడ్డలు ఎవరికిచ్చేశారో కూడా చెప్పలేదు. అప్పుడూ నోరు మూసుకున్నా. నా కొడుకులు వచ్చారని చెప్పడానికి వాళ్ళ చెల్లెలి పేరొక్కటే మిగిలింది. అదీ లాక్కుంటారా? ఇవ్వను. పాస్టరుగారొచ్చినా ఇవ్వను, ఆయన పైవాళ్ళొచ్చినా ఇవ్వను. పందిరి పీకించేసుకోండి."

"అమ్మా, గడప మీద కూర్చున్నావేంటి?"

"అత్తయ్యా? ఉన్నారా?"

"ఉన్నా."

"ఏడుస్తున్నారా?"

"నాకేం పని లేదా? లెకాన్, పళ్ళెంలోంచి ఆ తేనె గిన్నె పట్రా."

"పేరు పెట్టేటప్పుడు తేనె పాస్టరుగారే కదమ్మా నాకించేది, పందిట్లో అందరి ముందూ..."

"పట్రమ్మన్నానా! ఆ... ఇటివ్వు. ఇక తియ్యవే తలుపు."

"ముందు పేరు చెప్పండి."

"గడియ తియ్యి, నీకు చెప్పను, దాని చెవిలో చెప్తా. ఆ. ఇటివ్వు పిల్లని. మెడ కింద చెయ్యి పెట్టడం నాకు తెలుసులే, వదులు. అబ్బో, మూతి చూడు! అచ్చం మా అమ్మ మూతి. ఇదోవూ... ఒసేయ్ ఇదోవూ... ఇదిగో తేనె. అదిగో, చప్పరిస్తోంది చూడు!"

"అత్తయ్యా..."

"నువ్వు ఏడవకు, పాలు పట్టాలి. లెకాన్, వెళ్ళి పాస్టరుగారితో చెప్పు, పేరు పెట్టడం అయిపోయిందని. వచ్చి ప్రార్థన చేసి అన్నం తినమను."

"అమ్మా, ఆయనకి కోపం రాదూ? ఎవరు పెట్టారంటే ఏం చెప్పను? ఊళ్ళో అందరూ పిలిచినట్టు లెకాన్‌వాళ్ళమ్మ అని చెప్పనా?"

"వద్దు. అది నువ్వు పుట్టాక వచ్చిన పిలుపు."

"మరి? కంఫర్ట్ అనా?"

"అది చర్చిలో వాళ్ళు పెట్టుకున్నది. అలాబా పెట్టిందని చెప్పు."

"అలాబానా? అలాబా ఎవరమ్మా?"

"నేనేరా. నాకంటే ముందు ముగ్గురొచ్చారు. నేను ఉండిపోయాను."