చిప్ప ఊరిది, తాడు నాది

విన్నావా ఫెలేటీ, మొన్న మన గుమ్మంలోకి ఎవడొచ్చాడో! టియోనీ! నీ సమాధి పక్కనించే నడిచొచ్చాడయ్యా, తల కూడా వంచకుండా. వెనకాల ఊరి పెద్దలు, విసనకర్రలు ఊపుకుంటూ.

ఎందుకొచ్చారనుకున్నావు? నీ ముత్యపుచిప్ప గాలం కోసం. ఇకమీదట సూరచేపల వేటకి టియోనీయే పెద్దట. నవ్వకు. నాకూ వచ్చింది నవ్వు, ఆపుకున్నాను.

మర్చిపోతానా నేను? సూరల గుంపు నీళ్ళు మరిగినట్టు పైకి తేలినప్పుడు, వేటపెద్దగా నువ్వు సైగకి కర్ర ఎత్తేదాకా ఏ పడవా గాలం వెయ్యకూడదు. వేసిందెవడు? వీడు! గుంపు చెదిరింది, ఆ ఏడు మళ్ళీ కనబడితే ఒట్టు. ఒడ్డుకొచ్చి ఏమన్నాడు? "ఫెలేటియే తొందరపడి కర్ర ఎత్తాడు, నా కళ్ళారా చూశాను" అన్నాడు.

నువ్వేమో నోరు మెదపలేదు. "ఊళ్ళో గొడవెందుకే" అన్నావు. నిన్ను పడవ దింపేశారు. పోయేదాకా ఒడ్డున కూర్చుని వలలు అతుక్కున్నావు. మంచివాడివి! ఆ మంచితనం నాకు ఇప్పటికీ అరగలేదయ్యా.

"గాలం ఊరి సొత్తు వదినా, ఇవ్వక తప్పదు" అన్నారు పెద్దలు. కాదన్నానా? ఉప్పునీళ్ళు తగలకపోతే చిప్ప మెరుపు చచ్చిపోతుందని నాకు తెలీదా? తెచ్చి ఇచ్చాను.

విప్పి ఇచ్చాను.

అవును! చిప్ప వేరు, కొక్కెం వేరు, ఈకలు వేరు. "వీటిని కట్టే తాడేదమ్మా?" అన్నాడు టియోనీ. ఇన్నేళ్ళకి నేను వాడికి అమ్మనయ్యాను, చూశావా!

"చిప్ప ఊరిది నాయనా. తాడు నా తొడ మీద నేను పేనింది. వేటపెద్ద గాలానికి తాడు పేనాల్సింది అతని పెళ్ళామే కదా, మీ ఆవిణ్ణి పేనమను" అన్నాను. ఆ మహాతల్లికి చాప అల్లడమే సరిగా రాదు!

ఇవాళ వేటకెళ్ళారు. ఆవిడ పేనిన తాడు మొదటి లాగుకే సాగిపోయిందట. గాలం చేపలా ఈదడం మానేసి చచ్చిన పీతలా గిరగిరా తిరిగిందట. చేపల వాటాలు పంచే రేవులో ఆడాళ్ళంతా ఖాళీ బుట్టలతో నిలబడ్డారు. నేనూ నిలబడ్డాను. మన ఊరి ధర్మం తప్పలేదులే, ఏమీ లేకపోవడాన్ని కూడా అందరికీ సమంగానే పంచారు.

పొయ్యి మీద ఉత్త చేమదుంపలు. నీ మనవరాలు "చేపేదే మామ్మా" అని ఒకటే ఏడుపు.

తాడా? ఇదిగో, నడుముకి చుట్టుకుని తిరుగుతున్నాను. ఇచ్చెయ్యమంటావు, నాకు తెలుసు. "ఊళ్ళో గొడవెందుకే" అంటావు.

అంటే, లేచి అను.