పేరు బలం

చేవెళ్ల రిజిస్ట్రారాఫీసు ఎదుట, దస్తావేజులు రాసే యాదగిరి బల్ల. 2006, ఏప్రిల్. బల్లకు ఇవతలి బెంచీ మీద అరుణ్, అతని భార్య మమత.

“ఇగో తమ్మీ, మళ్ళొకసారి అడుగుతున్న. నీ పెండ్లి ఎవరితోని అయింది?”

“ఈమెతోనే యాదగిరన్నా. పక్కనే కూసున్నది గద.”

“కూసున్నది, కనపడుతున్నది. ఈమె పేరేంది?”

“మమత.”

“పాస్‌పోర్టుల మమత. టెన్త్ మెమోల మమత. రేషన్ కార్డుల మమత. మరి పెండ్లి రిజిస్టర్ చేయనీకి నువ్వు తెచ్చిన పెండ్లి కార్డుల ఈ అరుణశ్రీ ఎవరు?”

“ఆమె... ఈమెనే అన్నా.”

“ఆమె ఈమెనా?”

“ఆఁ. ఈమెనే ఆమె.”

“చెల్లె మమతా, నువ్వన్న చెప్పు. మీ ఆయనకు మాట తడబడుతున్నది.”

“పేరు బలం అన్నా. నాకైతే గట్లనే చెప్పిండ్రు. ఈయన పేరుకు, నా పేరుకు కుదరలేదట. పంతులు చూసి, పెండ్లి మట్టుకు అరుణశ్రీ అని పెట్టుమన్నడట.”

“గదే అన్నా, గదే. పేరు బలం. రాసెయ్.”

“ఆగు తమ్మీ. పేరు బలం ఉంటది, నేను కాదంటలేను. మా మేనకోడలికి గూడ పెట్టిండ్రు. కార్డుల ఒక పేరు, పిలిచేది ఒక పేరు. గా ముచ్చట మీ చుట్టాలకు చెప్తే ఇంటరు. చెన్నైల కిటికి ఎనక కూసొని వీసా ఇచ్చే అమెరికా దొరకు ఏమెరుక? నీ పెండ్లాం పేరేంది అంటడు. నువ్వేమంటవ్?”

“మమత అంట.”

“మరి అరుణశ్రీ ఎవరు అంటడు.”

“ఆమె గూడ నా పెండ్లామే అంట.”

“అయిపోయింది. ఇద్దరు పెండ్లాలు అని రాసుకుంటడు.”

“గంత మాట ఎందుకన్నా.”

“నేనంటలేను, కాయితం అంటున్నది. అసలు వీసా ఎవరిది, మొదటి కెల్లి నువ్వు చెప్పు చెల్లె.”

“నాది అన్నా. డల్లాస్‌ల సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ పని చేస్త. మూడేండ్ల వీసా అయిపోయింది. ఇంకో మూడేండ్లకు ముద్ర కొట్టించుకోనీకి వచ్చిన. సోమవారం చెన్నై కాన్సులేట్‌ల ఇంటర్వ్యూ.”

“మరి ఈయన?”

“ఈయన నా మీద ఆధారపడ్డోడు.”

“మమతా.”

“ఫారంల గట్లనే ఉన్నదయ్యా. డిపెండెంట్ అంటే గదే. నేను పెట్టిన పేరా?”

“యాదగిరన్నా, సురంగల్‌ల నాకు ఎకరంనర గులాబీ తోట ఉన్నది. పూలు గుడిమల్కాపూర్ మార్కెట్‌కు దించితే తెల్లారకముందే ఖాళీ అయితయ్. నేనెవరి మీద ఆధారపడ్డోణ్ణి కాదు.”

“ఈడ కావు తమ్మీ. ఆడ అయితవ్. ఫికర్ చేయకు, అలవాటైతది. చెల్లె, మరి మూడేండ్ల కింద ఈయన ఎందుకు రాలే?”

“తోట పెట్టిన కొత్త, రాను అన్నడు. నేనొక్కదాన్నే పోయిన. మూడేండ్లు ఫోన్లనే కాపురం చేసినమన్నా. నేను లేచే టైముకు ఈయన పండుకుంటడు. నేను అన్నం తింటుంటే ఈయన పండ్లు తోముతుంటడు. ఇగ నాతోని అయితలేదు. ఈసారి తోట కిరాయికిచ్చి వస్త అన్నడు. తీర చూస్తే పెండ్లి సర్టిఫికెట్ లేనిది ఈయన ఫైల్ ముట్టరట. శనివారం రైలు. అప్పటిదాంక కాయితం చేతుల పడకుంటే మళ్ళ నేనొక్కదాన్నే పోవాలె.”

“పెండ్లైన నాడే రిజిస్టర్ చేపిస్తే అయిపోతుండె.”

“అప్పుడు ఎవరడిగిండ్రు అన్నా. పొద్దుగాల చిలుకూరుల పదకొండు సుట్లు తిరిగే వచ్చినం. జర జల్ది రాయి.”

“వీసా దేవుడు ఇస్తే ఇస్తడు తమ్మీ. కాయితం మాత్రం నేనే రాయాలె. ఒక ఉపాయం ఉన్నది. అఫిడవిట్ రాస్త. మమత, అరుణశ్రీ, రెండు పేర్లు గాని మనిషి ఒక్కరే అని. చెల్లె ప్రమాణం చేసి సంతకం పెట్టాలె.”

“పెడ్తది, పెడ్తది. ఏడ పెట్టాలె?”

“నీకెందుకు గంత తొందర? రాయనియ్యి. ఈ పేరు పెట్టిన పంతులు ఎవరు? ఆయనతోని ఒక ముక్క రాపిస్తే బలముంటది.”

“ఆ పంతులు పోయిండు అన్నా.”

“అయ్యో పాపం. ఎప్పుడు?”

“అప్పుడే.”

“అప్పుడే అంటే?”

“పెండ్లైనంక.”

“అదేందయ్యా, మొన్ననే మొయినాబాద్ బస్టాండ్ల కనపడె గద. నమస్తే పెడితే, బాగున్నవా మమతా అన్నడు.”

“పోయిండంటే... మొయినాబాద్ పోయిండు అంటున్న. ఈడ లేడు, ఆడ ఉంటుండు.”

“మొయినాబాద్ అయితే ఎంత దూరం తమ్మీ, ఫోన్ కొడితే అర్ధగంటల దిగుతడు. చెల్లె, ఆయన నంబర్ ఉన్నదా?”

“ఉన్నదన్నా.”

“వద్దు వద్దు. ముసలాయన. గీ ఎండల ఎందుకు పరేషాన్ చేసుడు.”

“సరే, పంతులును విడిచిపెడదాం. నాకు ఇంకొకటి సమజైతలేదు తమ్మీ. నువ్వు అరుణ్. ఆమె అరుణశ్రీ. రెండిట్ల మొదటి అక్షరం ఒక్కటే. అక్షరం ఒక్కటైతే నక్షత్రం ఒక్కటైతది. మా మేనకోడలికి నక్షత్రం ఒక్కటైతున్నదనే పేరు మార్చిండ్రు. మీకు వేరే వేరే ఉన్నదాన్ని తీసుకొచ్చి ఒక్కటి చేసిండ్రా?”

“మా పంతులుది జర వేరే పద్ధతి అన్నా.”

“గిసొంటి పద్ధతి నేనెన్నడు ఇనలే. ఇదేంది, వధువు తండ్రి పేరు మీద స్లిప్పు అంటించిండ్రు. ‘షాబాద్ వాస్తవ్యులు సంగయ్య గారి’... మీ బాపేనా చెల్లె?”

“మా బాపే.”

“కింద వేరే అక్షరాలు అవుపడుతున్నయ్.”

“గీకకన్నా. ప్రెస్సోడు తప్పు కొట్టిండు. గందుకే స్లిప్పు.”

“ఏం తప్పు కొట్టిండు?”

“సంగయ్యకు సింగయ్య అని పడ్డది.”

“ఒక్క గుడి ఎక్కువైతే గింత పొడుగు స్లిప్పా? ఊరు పేరు గూడ మూసిండ్రు.”

“గీకకన్నా, నీకు దండం పెడ్త. కార్డు ఖరాబైతది. గదొక్కటే మిగిలింది.”

“అటక మీద సంచెడు ఉన్నయ్ గదయ్యా.”

“అవి చెదలు తిన్నయ్ మమతా.”

“నిన్ననే దులిపిన. ఒక్కదానికి చెదలు లేదు. యాదగిరన్నా, జర తడి పెట్టి గీకు. ఐదేండ్లాయె, గమ్ము ఎండిపోయి ఉంటది.”

“ఆఁ, లేస్తున్నది. ‘మోకిల... వాస్తవ్యులు... బుచ్చయ్య గారి... జ్యేష్ఠ పుత్రిక.’ మోకిల బుచ్చయ్య ఎవరు తమ్మీ?”

“ఛాయ్ తాగుదామా అన్నా? నేను తెస్త.”

“కూసో. నాకెరుకలేని బుచ్చయ్యనా. మోకిలల పొలం ప్లాట్లు చేసిండు చూడు, ఆ కాయితాలన్ని ఈ బల్ల మీదనే రాసిన. ఆయనకు ఇద్దరు బిడ్డలు. ఈడనే కూసొని సంతకాలు పెట్టిండ్రు. పెద్దపిల్ల పేరు...”

“అన్నా, ఇగ చాలు.”

“అరుణశ్రీ. శ్రీ రాసి ఎనక తోక తిప్పుతది, నాకింక యాదికున్నది. తమ్మీ, చెల్లె మొఖం చూడు. నేను పొయ్యి ఛాయ్ తాగొస్త, మీరు మాట్లాడుకోండ్రి.”

“నువ్వు ఏడికి పోకు యాదగిరన్నా. ఏం చెప్తడో నీ ముంగటనే చెప్పనియ్యి. చెప్పయ్యా.”

“కోపం చేయొద్దు మమతా.”

“చేస్తలే. చెప్పు.”

“ఆ పిల్లతోని నాకు లగ్గం ఖాయమై ఉండె. కార్డులు అచ్చైనయ్. మా బాపు సగం ఊర్లు తిరిగి పంచిండు. ఇగ ఇరవై రోజులున్నదనంగ మోకిల భూములకు ధర పెరిగింది. బుచ్చయ్యకు సురంగల్ కండ్లకు ఆనలే. నా బిడ్డకు ఇంజనీరును చూసుకుంట, మీ పూలోళ్ళు నాకొద్దు అన్నడు.”

“అప్పుడు?”

“మా బాపు సంగతి నీకెరుకనే. పట్టిన ముహూర్తం ఇడువ అన్నడు. ఫంక్షన్ హాల్ చెప్పినం, బ్యాండు చెప్పినం, గదే తారీఖుకు పిల్ల దొరకాలె అని తిరిగితే మీ బాపు ఒప్పుకున్నడు. పంచిన కార్డులు వాపస్ అడిగితే నవ్వుతరు. మిగిలినయి పారేయనీకి బాపుకు పాణం ఒప్పలే. తండ్రి పేరు మీద స్లిప్పు అంటించినం. పిల్ల పేరు మాత్రం బంగారు రంగుల ఉబ్బెత్తుగ కొట్టిండ్రు. ఎన్ని స్లిప్పులు అంటించినా కిందికెల్లి మెరుస్తనే ఉన్నది. రాత్రంత చూసి చూసి బాపు అన్నడు, కార్డుల పేరు మారుతలేదు, పిల్ల పేరే మారుద్దాం అని.”

“పిల్ల పేరే మారుద్దాం అన్నడా.”

“అన్నడు యాదగిరన్నా. పొద్దుగాల లేచి పేరు బలం అని ఊరంత చెప్పినం.”

“మీ బాపు శివయ్య సామాన్యుడు కాదు తమ్మీ. నేను ముప్పై ఏండ్ల సంది దస్తావేజులు రాస్తున్న, నాకు గూడ గింత తెలివి రాలే.”

“అయితే గుళ్ళె అర్చన చేపించినప్పుడల్ల నువ్వు అరుణశ్రీ పేరు ఎందుకు చెప్పినవయ్యా? పెండ్లి పేరు గదే గద, గదే చెప్పాలె అంటివి.”

“మొదటిసారి చెప్పిన. ఇగ తర్వాత మార్చరాలే.”

“నేను కొట్టిన కొబ్బరికాయలన్ని మోకిలకు ముట్టినయ్ అన్నట్టు. నాకు జలుబు ఎందుకు తగ్గుతలేదో ఇప్పుడు ఎరుకైంది.”

“మమతా, భయమైంది. మొదటి నెలల్నే చెప్దామనుకున్న. పండుగ పోనియ్యి అనుకున్న. గట్ల రెండేండ్లు పోయినయ్. నువ్వు డల్లాస్ పోయినంక ఫోన్ల ఎట్ల చెప్పాలె? చెప్తే నువ్వు ఇగ రావేమో అని. ఆ పిల్లను ఒక్కసారి చూసిన, మొఖం గూడ యాదికి లేదు. మూడేండ్ల సంది తోటల ఒక్కన్నే కూసొని తింటున్న. నువ్వు లేనిది నాకు ముద్ద దిగుతలేదు. గంతే.”

“గీ మాట చెప్పనీకి ఐదేండ్లా.”

“చెప్పనైతే చెప్పిన గద.”

“మీ ముచ్చట మంచిగున్నది గాని, పని ఖరాబైంది. చెల్లె, నేను ఆ అఫిడవిట్ రాయ. నువ్వు అరుణశ్రీవి కావు. అసలు అరుణశ్రీ బతికే ఉన్నది. ఇంజనీరును చేసుకున్నదంటే ఆమె గూడ రేపో మాపో గదే కాన్సులేట్ ముంగట లైన్ల నిలవడ్తది. అబద్ధపు ప్రమాణానికి నేను నా కలం పెట్ట.”

“అంటే నా వీసా పోయినట్టేనా అన్నా?”

“నీ చేతులతోని నువ్వే పోగొట్టుకున్నవ్ తమ్మీ.”

“పోదు. యాదగిరన్నా, కొత్త కాయితం తీయి. నాకు రెండో పేరు లేదు, కార్డుల పేరు తప్పు పడ్డదని రాయి. నా పెండ్లి కార్డు మీద వేరే ఆమె పేరుంటే తప్పు గాక ఒప్పా?”

“తప్పే చెల్లె. కాని ఎవరి తప్పు అని అడుగుతరు. మీ మామ పేరు రాయమంటవా?”

“మామను గుంజకు. పాపం, ఆయనకు కార్డుల మీద ప్రేమ.”

“అయితే టైప్ చేసినోళ్ళ పొరపాటు అని రాయాలె. రాస్త. కాని ఆ టైప్ చేసినోళ్ళు వచ్చి, మా చేతుల జరిగిందే అని కింద సంతకం పెట్టాలె. ప్రెస్సు మూసేసి మూడేండ్లాయె. శనివారం లోపట వాళ్ళను ఏడ దేవులాడుతవ్?”

“ప్రెస్సుల టైప్ చేయలే అన్నా. గప్పుడు వాళ్ళకు కంప్యూటర్ లేకుండె. కార్డులన్ని షాబాద్ కంప్యూటర్ సెంటర్‌కు పంపి టైప్ చేపిస్తుండిరి.”

“నీకెట్ల ఎరుక మమతా?”

“లగ్గానికి ముందు నేను గాడనే పని చేస్తుంటి. పెన్ను ఇటియ్యి యాదగిరన్నా. ఆ కార్డు టైప్ చేసింది నేనే.”