ముందట నుంచి కొట్టిన జింక

పెంబర్తిల శోభారాణి చాయ్ హోటల్ ముంగట పొద్దటి మంచు ఇంక ఇడువలే. ఇత్తడి పని చేసే రాజలింగం తన ఆఖరి పని, తలుపుకు తొడిగే బొమ్మల రేకు, మొదలువెడ్తుండని ఇని, దాన్ని ఫిల్మ్ తీస్తనని అడగనీకి వచ్చిండు డాక్యుమెంటరీల యుగేందర్. ముసలాయన వద్దన్నడు. గందుకే యుగేందర్ తన గొప్పలు చెప్పుడు ఎత్తుకుండు.

"పదిహేనేండ్ల సంది గిదే పని బాపూ. పాత గుళ్లు, బొమ్మలు, శిల్పాలు. అబద్ధమెందుకు, మొదలు చిన్నగనే. భూపాలపల్లి దిక్కు పాండవుల గుట్ట లేదా, ఆడ రాతి మీద ఎర్రరంగు జింక, ఎన్ని వేల ఏండ్లదో. దాని ముంగట కెమెరా పెట్టి మూడొద్దులు కూసున్న. మూడో నాడు అది చెవి ఆడిచ్చింది."

"ఈగ వాలిందేమో," అన్నది శోభారాణి గ్లాసులు కడుక్కుంట.

"ఈగ గాదక్కా. ఆ తర్వాత ఏమైందో ఎరుకేనా? రాతిల నుంచి దిగింది. పాల మీది మీగడ జారినట్టు మెల్లగ దిగి, నా అరచెయ్యి వాసన చూసి నడుసుడు వెట్టింది, ఎనుక నేను. కొత్తగూడ అడివిల అది అడుగేసిన కాడల్లా మంచు ఎర్రగైతాంది. డోర్నకల్ కాడ పట్టాలు దాటుతుంటె రైళ్లు కూత మర్చిపోయి నిలవడ్డయి, డ్రైవర్లు చెప్పులిడిసి దిగిండ్రు. జనగామ రాంగనె నా దిక్కు తిరిగి, 'అన్నా, రంగు ఎలిసిపోతాంది, నాకు ఇత్తడి ఒళ్లు చెయ్యి' అన్నది."

"ఏ భాషల?" అడిగింది శోభారాణి.

"మన భాషనే. గుట్ట మనది గాదా?"

"మరి చేసినవా?" వద్దన్నంక రాజలింగం మల్ల గప్పుడే నోరు తెరిసిండు.

యుగేందర్ ముందుకు జరిగిండు. "చెయ్యకుంటనా బాపూ. మబ్బుల మీద ఆకాశమంత రేకు పరిసిన. సుత్తె పట్టి ముందట నుంచి కొడ్తుంటె, దెబ్బకొక చుక్క రాలింది. ఆఖరు దెబ్బకు జింక కన్ను దెరిసింది. ఇప్పటికీ మంచువడ్డ పొద్దుల్ల ఆకాశం ఇత్తడి లెక్క పచ్చగ మెరుస్తది చూడు, గది నా జింకనే."

రాజలింగం చాయ్ గ్లాసు కింద పెట్టిండు.

"రేకును లక్క మీద బోర్లేసి ఎనుక నుంచి కొడ్తరు బిడ్డా. అప్పుడే బొమ్మ ముందటికి ఉబ్బుతది. ముందట నుంచి కొడ్తె సొట్టనే పడ్తది."

శోభారాణి నవ్వాపుకుంట మొకం అటు తిప్పుకున్నది. యుగేందర్ చాయ్ చల్లారిపోయింది.

"పదిహేనేండ్లల ఒక్క పనోని ఎనుకనన్న కూసున్నవా? ముంగటనే ఉండి కొట్టినవ్, గప్పాలు," అన్నడు రాజలింగం.

యుగేందర్ కెమెరా సంచి భుజానికేసుకొని లేసిండు. నాలుగడుగులు పోంగనె ముసలాయన పిలిసిండు.

"రేపు పొద్దుగాల రా. కెమెరా తేకు, నా ఎనుక కూసో. రేకు మీద బొమ్మ చెవి ఆడినట్టు నీకు కనవడ్డ నాడు, గప్పుడు కెమెరా తెచ్చుకో."