ఆయన ఆగితే ఆగనివ్వండి

ముందుగా ఒక మనవి. ఇది నేను కాగితం చూసి చదువుతున్నాను. నా రాత కోడి కెలికినట్టు ఉంటుంది, అక్షర దోషాలకైతే లెక్కే లేదు, నేను చదివింది ఎనిమిదో తరగతి వరకే. మధ్యలో ఎక్కడైనా తడబడితే అది నా రాతలో తప్పే గాని మనసులో తప్పు కాదని పెద్దలు మన్నించాలి.

ఈ వీడ్కోలు సభకు అధ్యక్షులుగా ఉన్న మన పాస్టరు దైవాశీర్వాదం అయ్యగారికి, నన్ను వీపు మీద చెయ్యి వేసి మైకు దగ్గరికి తోసిన దెబోరా అమ్మగారికి (నవ్వులు), సంఘ పెద్దలకు, అక్కలకు, అన్నలకు, వెనక గోడకు ఆనుకుని నాకంటే ఎక్కువ భయపడుతున్న మా బావకు, అంటే నా భర్త ఇమ్మాన్యుయేల్ గారికి, వందనాలు. అందరికంటే ముందు చెప్పవలసిన పేరు చివర చెబుతున్నాను. మనం కప్పిన శాలువా జారిపోకుండా ఒక చేత్తో పట్టుకుని, ఒక్క ముక్క తెలుగు రాకపోయినా అంతా అర్థమైనట్టే తల ఊపుతున్న మన ఫింటన్ మల్హర్న్ గారికి నా వందనాలు.

ఆయన గొప్పతనం చెప్పడానికి నాకు తగిన మాటలు లేవు, నాతో చెప్పినవి మాత్రం చెబుతాను. ఐర్లండులో ఒక చిన్న ఊళ్ళో పుట్టి, పదహారేళ్ళకే ఊరూరూ తిరిగే నాటక కంపెనీలో చేరి, మొదట కుర్చీలు మోసి, తర్వాత టికెట్లు చింపి, ఒకరోజు ఎవరికో జ్వరం వస్తే వేషం కట్టి, చలికాలంలో చర్చి హాళ్ళలో, ప్రేక్షకులు కోట్లు విప్పకుండా చూసే చోట్ల ఆడారట. తర్వాత డబ్లిన్‌లో పెద్ద వేషాలు వచ్చాయి. ఒక నాటకంతో న్యూయార్కు వస్తే ఆ నాటకం వారానికే మూతపడింది, కంపెనీ వెనక్కి వెళ్ళింది, ఈయన మాత్రం ఉండిపోయారు. సినిమాల్లో పాదిరీ వేషాలు, పోలీసు వేషాలు, లేదంటే మొదటి సీన్లోనే చచ్చిపోయే వేషాలు ఇచ్చేవాళ్ళట. "చచ్చిపోవడంలో నాకు మంచి పేరుంది పర్సిస్" అంటారు. టీవీ సీరియల్‌లో చాలాకాలం జడ్జిగా చేశారు. అది చూసి మన రాజారావు అన్నయ్య గ్రీన్‌కార్డు సంగతి ఆయన్ని అడిగారు. (నవ్వులు) అన్నయ్యా, తల దించుకోకండి, ఆయన కూడా పాపం ఓపిగ్గా విని, "నాకు తీర్పు రాసిచ్చే మనిషి వేరే ఉండేవాడు" అని చెప్పారు.

ఇదే హాలులో ఆదివారాలు మన ఆరాధన, మిగతా రోజులు ఆయన ఇప్పుడున్న నాటక కంపెనీ రిహార్సళ్ళు. అలా పరిచయమై మన పిల్లల క్రిస్మస్ నాటకం ఆయన చేతిలో పడింది. తెలుగు రాదు గదా, ఎలా నేర్పుతారని అందరం అనుకున్నాం. సత్రం యజమాని వేషం వేసిన శ్రేయాస్, ప్రభువు తల్లిదండ్రులతో "చోటు లేదు, వెళ్ళండి" అనగానే ఆయన ఆపేసి, "ఐ డోంట్ బిలీవ్ యూ" అన్నారు. "బట్ అంకుల్, యు డోంట్ నో తెలుగు!" అన్నాడు వాడు. "అవును, అయినా నువ్వు వాళ్ళని చూడకుండానే వెళ్ళగొట్టావు. ఆ అమ్మాయి నిండు గర్భిణి. ముందు ఆమెను చూడు" అన్నారు. మరుసటిసారి వాడు ముందు ఆమెను చూసి, అప్పుడు అన్నాడు. దెబోరా అమ్మగారు కళ్ళు తుడుచుకున్నారు.

ఇప్పుడు నా సంగతి. ఆయన ఈ మధ్య వేసిన నాటకానికి పగటిపూట మాటలు అప్పజెప్పించుకునే మనిషి కావాలన్నారు. అందరూ ఆఫీసులకు వెళ్ళేవాళ్ళే. "మా పర్సిస్ ఖాళీయే" అన్నారు అమ్మగారు. ఇంగ్లీషు చదవడం రాదంటే, ఆయన మొత్తం ఫోనులో చదివి రికార్డు చేసి ఇచ్చారు. తాలింపు వేస్తూ, బట్టలు మడత పెడుతూ విన్నాను. అర్థం తర్వాత వచ్చింది, మాటలు ముందు వచ్చేశాయి. మా నాయనమ్మ నాకు కీర్తనలు నేర్పింది అలాగే గదా.

అది ఒక ముసలి పడవవాడి కథ. కొడుకు పడవ అమ్మేస్తానంటాడు. "పడవ లేకపోతే ఏం చేస్తావు?" అంటాడు. ముసలాయన "ఐ విల్..." అని ఆగి, "వాక్" అనాలి. నడుస్తాను అని.

తర్వాత జరిగింది మీకందరికీ తెలుసు, నన్ను ఏడిపిస్తూనే ఉన్నారు. మన దగ్గర ఆదివారం పిల్లలు ముందు నిలబడి కంఠత వాక్యం చెబుతూ మధ్యలో ఆగితే ఏం చేస్తాం? సంఘమంతా తర్వాతి మాట అందిస్తాం. అందించకపోతేనే తప్పు. నాటకం రోజున నేను మొదటి వరుసలో కూర్చున్నాను. ఆయన "ఐ విల్" అని ఆగారు. రోజూ ఆగేదానికంటే ఎక్కువసేపు ఆగారు. నేను లేచి నిలబడి, హాలు మారుమోగేటట్టు, "వాక్!" అన్నాను.

(నవ్వులు)

జనం నవ్వారు. మా బావ కుర్చీలో కిందికి జారిపోయారు. ఫింటన్ గారు మాత్రం నావైపు తిరిగి, పడవవాడి గొంతుతోనే, "అవును తల్లీ, నడుస్తాను" అన్నారు. నవ్వు ఆగిపోయింది. అయ్యాక కంపెనీ మేనేజరు నా మీదికి వస్తే, "అది నా విరామం, ఆ పిల్లకి తెలియదు, వదిలెయ్యండి" అని అడ్డం నిలబడ్డారు. ఇంతవరకే మీకు తెలుసు.

మర్నాడు మా ఇంటికి వచ్చి టీ తాగుతూ వేరే మాట చెప్పారు. "అది విరామం కాదు పర్సిస్. మాట పోయింది. వెతికితే అక్కడ ఏమీ లేదు. నువ్వు అరవకపోతే నేను ఇంకా అక్కడే నిలబడి ఉండేవాణ్ణి."



డాక్టరుకు చూపించుకున్నారు. మాటలు ఇలాగే ఒక్కొక్కటి పోతాయన్నారట. అందుకే వేషాలు మానుకుని ఐర్లండులో, గాల్వేలో ఉన్న చెల్లెలి దగ్గరికి వెళ్ళిపోతున్నారు. మీరంతా పొద్దుటినుంచి, "క్రిస్మస్ నాటకం చేయించి వెళ్ళండి సార్, ప్లీజ్ సార్" అంటున్నారు. ఆయన చూద్దాం చూద్దాం అంటున్నారు. ప్రేమగా అడిగితే కాదనడం ఆయనకు రాదు. దయచేసి ఇంక అడగకండి.

ఇది నా అంతట నేను బయట పెట్టడం లేదు. ఆయనే అన్నారు. "వాళ్ళకి తెలియాలి. నా నోటితో చెప్పలేను. నువ్వు మీ భాషలో చెప్పు. నేను పక్కనే అందంగా కూర్చుంటాను." ఇదిగో, అలాగే కూర్చున్నారు. మీ మొహాలు మారిపోయాయి గనుక నేను ఎక్కడిదాకా వచ్చానో ఆయనకు తెలిసిపోయి ఉంటుంది.

ఇప్పుడు ఆయన లేచి మాట్లాడతారు. మధ్యలో ఆగుతారు. ఆగితే ఆగనివ్వండి. నేల చూస్తూ ఊపిరి బిగబట్టి ఉంటే అది ఆయన కావాలని ఆగే విద్య, ఎవరూ దగ్గకండి, చప్పట్లు కొట్టకండి. తల ఎత్తి మన మొహాల్లో వెతుకుతుంటే మాత్రం కంగారు పడకండి. చెప్పబోయేదంతా మా వంటింట్లో నాకు అప్పజెప్పారు, నాకు కంఠతా వచ్చు. ఆయన ఎదురుగా ఆ మొదటి కుర్చీ నాకు వదలండి, చాలు.

మాట్లాడనిచ్చిన అయ్యగారికి, నవ్వి నా భయం పోగొట్టిన మీ అందరికీ కృతజ్ఞతలు. ఈ కాగితం సంఘ పత్రికలో వేస్తామన్నారు అయ్యగారు. వద్దండీ. ఆయన మాట ఈ గదిలోనే ఉండాలి. అమ్మగారూ, ఇది మీ చేతికిస్తున్నాను, ఇంటికి వెళ్ళగానే స్టవ్ మీద పెట్టి కాల్చెయ్యండి.

సెలవు. నేను వెళ్ళి కూర్చుంటాను.